ఊకుంటది

బాగ్‌లింగంపల్లిలో మా రిహార్సల్ గది.
ఒక ఫ్యాను తిరుగుతుంది, ఒకటి తిరగదు.
తిరగనిదాని కిందే కూర్చుంటుంది ఇర్మ్‌గార్డ్ పోల్,
కాగితాలు ఎగిరిపోతాయని.
లైప్‌జిగ్ నుంచి వచ్చిన డెబ్బై నాలుగేళ్ల మనిషి.
మాకు రెండోరోజుకే ఇర్మా గారు.

ఆమె నాటకం నా చేతుల్లో తెలుగవుతోంది.
బొగ్గు వచ్చింది, బంగాళదుంపలు వచ్చాయి,
మెట్ల మీద పొరుగింటివాడి బూట్ల చప్పుడూ వచ్చింది.
రానిది ఒక్కటే.
సంభాషణల మధ్య, బ్రాకెట్లలో,
ఆమె నలభై ఒక్కసారి రాసిన ఒకే మాట.

'విరామం' అంటే జనం సమోసాలకు లేస్తారు.
'మౌనం' అంటే ఎవరో పెద్దాయన పోయాడని తల వంచుతారు.
'నిశ్శబ్దం' మా సినిమాల్లో ఉరుముకు ముందొచ్చేది.
'ఆగడం' అని రాస్తే
ఎవరో ఏదో ఆగడం చేశారనుకుంటారు.

ఇన్ని ఖాళీలు ఎక్కడివండీ మీకు, అన్నాను.
రేషన్ సరుకులు చెప్పినట్టు చెప్పింది:
ఇరవై తొమ్మిదో ఏట మొదటి సినిమా రాశాను.
ఆఫీసులో నలుగురు చూశారు. ఐదోవాడు లేచి లైటు వేశాడు.
అంతే, డబ్బాలో పెట్టి తాళం.
అప్పుడు కడుపులో ఉన్న పిల్ల
పదహారేళ్లదై నా సిగరెట్లు దొంగిలించే నాటికి గాని
అది తెర మీదికి రాలేదు.

ఈలోగా?
బొమ్మలాటలో నక్కకు మాటలు రాశాను.
ఇంకొకడి పేరున మూడు సినిమాలు.
గోడ కూలాక టీవీవాళ్లు పిలిచారు, వారానికో హత్య.
నలభై నాలుగు నిమిషాల్లో హంతకుడు దొరకాలి,
అక్కడ ఊరికే ఉన్నందుకు డబ్బులివ్వరు.
మిగిలిపోయినవన్నీ పోగేసి ఇందులో పోశాను, అని
దగ్గొచ్చేదాకా నవ్వింది.

నిచ్చెన మీంచి, నోట్లో వైరు ముక్క తీసి,
లైట్ల కొమురెల్లి అన్నాడు:
"గింత పరేషానెందుకు మేడం?
మా అవ్వను జూడుండ్రి. నాయిన తిట్టినా,
మిల్లు మూసిర్రని చెప్పినా, జవాబియ్యదు.
అట్లని ఒప్పుకోదు.
ఊకుంటది."

మార్జిన్లో రాసుకున్నాను, పెన్సిలుతో.
ఆమె ఊకుంటది. అతడు ఊకుంటడు.
ఏమన్నాడు, అంది ఇర్మా గారు.
జర్మన్లో చెప్పబోయాను. నోరు తెరిచి
అలాగే ఉండిపోయాను.

అంతలో కరెంటు పోయింది.
తిరిగే ఫ్యాను కూడా మెల్లగా రెండోదానిలా అయింది.
ఎవరూ ఏమీ అనలేదు.
చీకట్లో ఆమె లెక్కపెడుతోంది, తన భాషలో.
పదకొండు దాకా విన్నాను.