బొటనవేలు

మోదుగుపూలు తెచ్చి అరుగు మీద కుప్ప పోస్తే
ఇంటికి నిప్పంటుకున్నదనుకొని
ఎదురింటి పోశన్న బిందె పట్టుకొని ఉరికొచ్చిండట.
అబద్ధమే.
కురుమమ్మ ప్రతి ఏడూ చెప్తది,
ప్రతి ఏడూ ఆ బిందె కొంచెం పెద్దదయితది.

చలి శివశివా అని పోయిన మర్నాటి నుంచే
బల్మూరు తొవ్వల ఆమె తలెత్తి నడుస్తది.
మోదుగు చెట్టుకు అప్పుడు ఆకుండదు,
చిలుక ముక్కుల లెక్క వంకర పూలు తప్ప.
"రాలినయే ఏరుర్రి, కొమ్మ మీదియి పిట్టల సొమ్ము"
అని పోరగాళ్లను గదమాయిస్తది.
ఎవ్వరు చూస్తలేరనుకుంటే
దోటి పెట్టి నాలుగు తను గుంజుతది.

నీడకే ఆరబెట్టాలె.
ఎండకు పెడితే ఎండే తాగుతది రంగును.
నల్ల తొడిమె గిల్లకపోతే
పొడి మన్నురంగుకు దిగుతది.
అయిదొద్దులకు పువ్వును చెవి కాడ నలిపి
చిటుక్కుమంటేనే ఇసుర్రాయి కాడ కూసుంటది.
పెండ్లినాటి నారాయణపేట చీర,
అంచు బొంతకు పోయింది, నడిమి ముక్క మిగిలింది,
గిన్నె మూతికి కట్టి పొడిని దాంట్ల జల్లిస్తది.
ముట్టుకుంటే చేతికి తెలవనంత మెత్తగ.

"దోసెడు పువ్వుపొడికి రెండు దోసిళ్ల పిండి."
ఎవరి దోసెడే పెద్దమ్మా అని రాసుకోబోతే
"ఎవరిదేంది, నాదే" అన్నది.
పెన్ను మూసిన.

ఎరుపు కోసం పసుపుల సున్నం వెయ్యాలె.
సున్నం డబ్బా ఎట్లాగూ రొండినే ఉంటది.
కల్లుకు పైసల్లేవన్నప్పుడు
మా పెద్దనాయన మొఖం మారినట్టు
పసుపు ఒక్కసారిగ ఎర్రబడ్తది.
వేపాకు పొడి పచ్చ.
అది నోట్లె పడ్డోడు
పండుగ అయినంక గూడ ఉమ్ముతనే ఉంటడు.
నీలమే రాలే.
శంఖుపూలు నూరితే బూడిదరంగు తేలింది.
దాని దిక్కు చాన సేపు చూసి
గోడ పక్కకు పారబోసింది.

ఎందుకింత కష్టమంటే చెప్పదు.
పోయినేడు అచ్చంపేట అంగట్ల కొన్న పొట్లం
మనుమని చెవి వెనక పొక్కులు లేపింది.
వానికి యాదికి లేదు.

కామదహనం నాడు పొద్దుగాల
కంట్రోలు బియ్యానికి పోయింది.
మిషిన్ అద్దం మీద బొటనవేలు పెట్టింది.
ఎర్రలైటు.
"చేతులు కడుక్కొని రా పెద్దమ్మా" అన్నడు డీలరు తిర్పతయ్య.
బోరింగు కాడ మూడుమాట్ల కడిగింది,
మట్టితోని రుద్దింది.
రంగు పోలే. పోవాల్సిన గీతలు ఎన్నడో పోయినయి,
పత్తి ఏరినప్పుడు కొన్ని, మిరపకాయ తుంచినప్పుడు కొన్ని,
మిగిలినయి ఈ వారం ఇసుర్రాయి కిందికి.

మిషినుకు ఆమె ఎవరో తెలవలే.
లైన్ల నిలబడ్డ ముప్పైమందికీ తెలుసు.
"గామె కురుమమ్మేనయ్యా" అని
వెనకనుంచి ఎవరో అరిచిన్రు.
మిషినుకు చెవులుండవు.

ఆరోసారికి ఎడమచేతి నడిమివేలు పడ్డది.
అద్దం మీద ఎర్రటి తడి మిగిలింది.
తిర్పతయ్య తువ్వాలతోని తుడిచిండు,
మరింత పరుచుకున్నది.
తర్వాత వేలు పెట్టిన మణెమ్మ
చెమట తుడుసుకొని నుదుటికి పూసుకున్నది.
దుర్గయ్య ముక్కు గోక్కున్నడు.
బాలింత సువార్త
సంకల బిడ్డ బుగ్గ నిమిరింది.
తిర్పతయ్య తెల్లంగి జేబుకు
అచ్చంగ ఒక వేలు, గీతల్లేకుండ.

కాముని కట్టెలింక ఎవ్వరింట్ల దొంగలాలెనో
పోరగాళ్లు లెక్కలేస్తనే ఉన్నరు,
ఊర్ల సగం మందికి రంగు పడ్డది.

ఆమె ఇదేమీ చూడలే.
బియ్యం సంచి ఇంట్ల దించి, చాటల చెరిగి
నూకలు రెండు దోసిళ్లు పక్కకు తీసింది.
పిండి తక్కువ పడ్డదట.
మళ్ల ఇసుర్రాయి కాడ కాళ్లు చాపింది.