మెడలు తిరిగినప్పుడు

టికెట్ల గదిలో నాకిది మూడో వేసవి.
వచ్చినవాళ్ళందరూ అడిగేది ఒకటే:
"ఎన్ని గంటలకి వస్తాయి?"
తిమింగలాలంటే బస్సులనుకుంటారు.
జవాబు చెప్పడం మానేశాను.
కిందికి మెట్లున్నాయి, తడిగా ఉంటాయి, జాగ్రత్త, అంటాను.

సెయింట్ లారెన్స్ ఇక్కడ నదో సముద్రమో
మా ఊళ్ళో ఇంకా ఎవరూ తేల్చలేదు.
ఉప్పగా ఉంటుంది, ఆటుపోట్లున్నాయి,
అయినా మా అమ్మమ్మ పోయేదాకా ఏరనే అంది.
గులాబిరంగు రాయి ఏటవాలుగా దిగి దిగి
ఉన్నట్టుండి తెగిపోతుంది.
అక్కణ్ణుంచి లోతే.
అందుకే అవి అంత దగ్గరికొస్తాయి,
కంచె తోసుకుని పెరట్లోకి వచ్చిన ఆవుల్లా.

ఒదిలోన్ రోజూ తొమ్మిదింటికి వస్తాడు.
టికెట్ తీసుకోడు, నేనూ అడగను.
ముప్ఫై ఒక్క ఏళ్ళు ఈ దీపస్తంభం పక్కన
పొగమంచు కూత కూయించినవాడు.
నిమిషానికొకసారి, రాత్రంతా, గోడలు వణికేలా.
ఓడలు బతికాయి. చెవులు పోయాయి.
తర్వాత యంత్రం వచ్చింది, తర్వాత అదీ పోయింది.
కూతకొమ్ముకి ఎర్రరంగు వేసి ఉంచారిప్పుడు,
పిల్లలు అందులో తల పెట్టి ఫొటోలు దిగుతారు.

అతని నోట్‌బుక్కు నీలం అట్టది.
లోపల మాటలుండవు, గీతలే.
నాలుగు నిలువు, ఒక అడ్డం.
బైనాక్యులర్లు ఇస్తే మర్యాదకి మెడలో వేసుకుని
సాయంత్రం మూత కూడా తియ్యకుండా తిరిగిస్తాడు.
నెలాఖరున ఆ గీతల్ని నేనే లెక్కపెట్టి
కంప్యూటర్లోకి ఎక్కించి పైవాళ్ళకి పంపుతాను.

ఆగస్టులో ఒక మంగళవారం
తడిపిన దుప్పటి ముఖాన కప్పినట్టు పొగమంచు.
మెట్ల చివర సముద్రం లేదు.
ఒంటారియో నుంచి వచ్చినాయన డబ్బు వెనక్కిమ్మన్నాడు.
ఇచ్చాను.
పద్దెనిమిది మంది మిగిలారు,
రాళ్ళ మీద, రెయిన్‌కోట్లలో,
ఎవరో ఆరేసి మరిచిపోయిన బట్టల్లా.

ఒదిలోన్‌కి కాఫీ పట్టుకెళ్ళాను.
పేజీలో అప్పటికే ఏడు గీతలు!
కళ్ళున్నవాళ్ళకే ఏమీ కనబడని రోజున
చెవుల్లేని మనిషికి ఏడా?
ముసలాడు దొంగలెక్క రాస్తున్నాడనుకున్నాను.
మూడు వేసవుల అంకెలు
నా కడుపులో గడ్డకట్టాయి.

ఏమీ అడక్కుండా పక్కన కూర్చున్నాను.
అతను సముద్రానికి వీపు పెట్టి కూర్చున్నాడు.
ఇన్నాళ్ళూ ఇది ఎలా చూడలేదు నేను?

అప్పుడు, ఆ తెల్లదనంలో ఎక్కడో,
ఫూ... శ్...
పెద్ద కొలిమితిత్తిని ఒక్కసారి వదిలినట్టు.
పద్దెనిమిది మెడలూ ఒకేసారి ఎడమకి తిరిగాయి.
ఒక పసివాడి చేతిలో బిస్కట్ నోటికి జానెడు దూరంలో ఆగింది.
ఒదిలోన్ ఆ ముఖాలు చూసి
ఎనిమిదో గీత గీశాడు.

కాసేపటికి ముక్కు ఎగబీల్చి
మోచేత్తో నన్ను పొడిచాడు.
కుళ్ళిన కాబేజీ, కింద ఎక్కడో చేపలు.
దాని లోపలి గాలి
మా ఇద్దరి ముఖాల మీద.
"మింకీ!" అన్నాడు,
తన గొంతు తనకి వినబడనివాళ్ళు అన్నంత గట్టిగా.

పద్దెనిమిది మెడలూ ఉలిక్కిపడి ఇటు తిరిగాయి.
పెన్సిల్ కాగితం దాకా వెళ్ళి
ఆగింది.
"ఇది నేనే," అని నవ్వి
చెవి వెనక దోపుకున్నాడు.