ఆకుల్లో రైట్ రైట్

పుస్తకం కొన్నాను, బైనాక్యులర్ కొన్నాను,
బాకరాపేట ఘాటు రోడ్డులో ఇరవై రెండేళ్ళు
టికెట్లు చించిన చేతులతో.

బస్సు కిటికీలోంచి ఈ గుట్టలు
ఏమీ లేనట్టే ఉండేవి.
బండలు, ముళ్ళు, మళ్ళీ బండలు.
ఇక్కడ ఎవరూ దిగరు, ఎవరూ ఎక్కరు,
ఒక్క కుప్పమ్మ తప్ప.
చీపురుపుల్లల మోపుకి లగేజీ టికెట్ కొట్టాలా వద్దా అని
మేమిద్దరం ఏళ్ళ తరబడి పోట్లాడుకున్నాం.

ఇప్పుడు ఆమె వెనకాల నడుస్తున్నాను.
చొక్కా పరికికంపకి తగులుకుంది.
"లాగబాకు సామీ.
వచ్చిన దోవనే ఒక అడుగు ఎనక్కి పో,
అదే వదుల్తాది."

ఇది కలే పొద, ఇది బలుసు,
ఇది బందారు, మేకలు కూడా ముట్టవు,
ఇది పాము పండుకునే తావు, ఇది పండుకోని తావు.
నాకన్నీ ఒకటే ఎండ రంగు.

పుస్తకంలో జిట్టకోడి
ఫోటో స్టూడియోకి వచ్చిన పెళ్ళికొడుకులా
పేజీ నడిమధ్య నిలబడి ఉంది.
నల్లటి తలనిండా సన్నటి తెల్లచుక్కలు,
ఇటుకరంగు రెక్కల మీద ఇంకొన్ని,
కాళ్ళకు ముళ్ళు.
ముళ్ళ నేలలో పుట్టి
ఒంటి మీద ముల్లు లేకుంటే ఎట్లా!
పక్కనే ఆడది. చుక్క ఒక్కటీ లేదు.
కుప్పమ్మ బొమ్మ మీద వేలు పెట్టి నవ్వింది:
"గుడ్లమింద కూచునేదానికి నగలేంటికి?
కనబడితే చచ్చె."

మూడు ఆదివారాలు తిరిగాం.
కనబడలేదు.
నాలుగో ఆదివారం మబ్బున
నా బైనాక్యులర్ చేత్తో కిందికి దించి
"కండ్లు మూసుకో" అనింది.

ఎండుటాకు ఒక్కసారి కదిలి ఆగితే తొండ.
పదిమంది పోట్లాడినట్టు చిందరవందరైతే సీదపిట్టలు.
ఆగకుండా జారతా పోతే, నువ్వు ఆగు.
రెండుసార్లు, వెంటవెంటనే గీరి
ఆమీట ఏ సద్దూ లేదనుకో...

సరక్ సరక్.

సరక్ సరక్.

నవ్వొచ్చింది నాకు.
ఒక బెల్లు కొడితే ఆగు, రెండు కొడితే పో.
నా ఉద్యోగం ఆకుల కింద ఎవరో చేస్తున్నారు.
గీరడం, ఒకడుగు వెనక్కి జరగడం,
బయటపడినదేంటో చూసుకోవడం
(చెదపురుగో, రేగు గింజో, నాకు తెలీదు)
మళ్ళీ రైట్ రైట్.

కళ్ళు తెరిచాను. పొద పొదలాగే ఉంది.
కలే ఆకుల సందుల్లోంచి లేత ఎండ పడి
నేలంతా తెల్లచుక్కలు.
అందులో పొద్దువేవో, దానివేవో!

ఇంటికొచ్చి నోటుబుక్కులో రాసుకున్నాను:
రంగు తెలీదు, పొడవు తెలీదు,
ముక్కు తెలీదు. జిట్టకోడే.

గుట్టకు ఇవతలి వైపు ఈ ఏడు
పొదలు పీకేశారు. ఆకు ఊడ్చేశారు.
సున్నం కొట్టిన రాళ్ళు వరసలుగా పాతారు,
ప్లాటుకు నాలుగు.
మా డ్రైవర్ దామోదరం రెండు కొన్నాడు, తూర్పు ముఖం.
ఒకదానికి నేనూ అడ్వాన్సు ఇచ్చాను.
పోయిన ఉగాదికి ముందు సంగతి,
పుస్తకం కొనక ముందు.
కుప్పమ్మకు ఇంకా చెప్పలేదు.

నిన్న డ్యూటీ దిగి అక్కడికి పోయాను.
పదిహేడో నంబరు.
నాలుగు తెల్లరాళ్ళ నడుమ నిలబడి
ఎవరూ చూడట్లేదని నమ్మకం కుదిరాక
చెప్పు కాలితో నేలను గీరాను,
రెండుసార్లు, వెంటవెంటనే.

దుమ్ము లేచింది.
చప్పుడు కావాలంటే ఆకుండాలి.

అడ్వాన్సు వెనక్కి ఇవ్వరంట, కాగితంలోనే ఉంది.
అయినా అడుగుతాను.
ఆదివారం ఆమె మోపు దించుకునేటప్పుడు
ముందు ఈ మాట చెప్పాలి,
తర్వాత కళ్ళు మూసుకోవాలి.