సీసా మీద చీటీ

పోటు తగ్గి బాహుదా మొగ బురద తేలాక
సూరాడ చిత్తమ్మ వంగి తవ్వుతుంది,
గేలాలకి ఎర.
ముళ్లకాళ్ల పురుగులు ఆమె తట్టలోకి,
ఆమె వద్దని విసిరేసినవి నా ట్రేలోకి.

"దీనికి ఒళ్లు నేదే, జిగురే.
కొక్కేనికి గుచ్చితే రెండు, లాగితే నాలుగు.
సేపలు కూడా ముట్టవు."

నేరేడు తొక్క రంగు. జానెడు పొడవు.
నా వేలెక్కుతుంది గాని ఎక్కడం కనిపించదు,
ఒళ్లంతా నూగు, ఆ నూగే తెడ్లు.
కణుపుల్లేవు, కాబట్టి వానపాము కాదు.
రిబ్బన్ పురుగు.
ఇంతవరకే ధైర్యంగా రాయగలను.

తొండం దాస్తుంది. నోట్లో కాదు,
పేగు పైన దానికో నీటి గది,
అందులో తిరగబడ్డ చొక్కా చెయ్యిలా మడిచి.
గది బిగిస్తే తొండం బయటికి దూకుతుంది,
చిత్తమ్మ ఎర పురుగుల్నే చుట్టేస్తుంది.

కొన్నిటికి తొండంలో సూది,
విరిగితే పనికొస్తాయని పక్క సంచుల్లో
ఇంకో రెండు మూడు.
చెప్తే చిత్తమ్మ నవ్వాపుకోలేదు,
వల కుట్టే కండెలు మొలలో దోపుకుని తిరిగే
పెనిమిటి గుర్తొచ్చాడట.

సూదులున్నవి సాయుధాలు, లేనివి నిరాయుధాలు.
పాత పుస్తకంలో రెండే ఇళ్లు.
తర్వాత జన్యువులు చదివారు:
నిరాయుధాల్లో సగం, సూదిగాళ్లకే దగ్గర చుట్టాలు.
ఒక ఇల్లు మొత్తం కొట్టేశారు.

మొన్న ఛత్రపురం గుమస్తా వచ్చి
మాతృభాష ఏదని అడిగాడు.
చిత్తమ్మ ఒడియాలో జవాబిచ్చింది, తెలుగని.
అతనేం రాసుకున్నాడో మేం చూడలేదు.

కొన్నిటి పిల్ల నీళ్లలో తేలే చెవుల టోపీ.
టోపీ లోపల ముక్కలు ముక్కలుగా పురుగు పెరిగి
బయటపడిన రోజు
ఆ టోపీనే తినేస్తుంది.
ఇది మాత్రం చిత్తమ్మకి చెప్పలేదు.

బరంపురం ల్యాబులో తొందరపడ్డాను.
మత్తు ఇవ్వకుండా స్పిరిట్‌లో వేశాను.
మెలికపడి తెగింది. సాయంత్రానికి నేరేడు రంగు దిగిపోయి
తడిసిన దారప్పోగు మిగిలింది.
రంగు పోయాక, తలని పొరలుగా కోస్తే తప్ప
పేరు దొరకదు. కోసే యంత్రం పాడై ఆర్నెల్లు.

చీటీ రాశాను పెన్సిలుతో:
స్థలం, సోనాపురం, బాహుదా మొగ.
తరగతి, ప్రశ్నార్థకం.
సేకరించినవారు దగ్గర నా పేరు సగం రాసి చెరిపి
సూరాడ చిత్తమ్మ.

గిన్నెలో ఇంకొకటుంది, మరిచిపోయింది.
నెల నుంచి తిండి లేదు.
చావలేదు. కురచైంది,
జానెడల్లా ఇప్పుడు వేలెడు,
లైటు వెయ్యగానే గులకరాయి కిందికి
తల ముందు దాచుకుంటుంది.