తిగిష్ కనుమ

గొర్రెల్ని లెక్కపెట్టడం నా ఉద్యోగం.
నారిన్ పశుగణన కార్యాలయం వారి పచ్చ అట్ట పుస్తకం,
కొస కొరికిన పెన్సిలు, అరువు గుర్రం.
కనుమకి ఇవతల రెండు వందల పన్నెండు.
దాటాక మళ్ళీ లెక్కపెడితే రెండు వందల పదమూడు.
మూడేళ్ళుగా ఇదే వరస.
కళ్ళద్దాలు మార్చుకోమన్నాడు పై అధికారి.

"అందులో ఒకటి అటుది" అంది కెంజెబూబూ
కుమిస్ గిన్నె చేతికిస్తూ.
"మేతకొచ్చింది, పొద్దుగూకితే పోతుంది. రాసుకోకు."

అక్కడ గోరీ లేదు, గుమ్మటం లేదు,
మొక్కుకునేందుకు ఒక్క గుడ్డపీలికా లేదు.
రెండు బండలు, మధ్యన
మనిషి పక్కకి తిరిగి దూరేంత సందు.
ఆ సందులో గాలి దళసరి.
చెయ్యి పెడితే కంబళిలా తగులుతుంది.
దానికి నిలువునా ఒక కుట్టు.

మీరు షిర్దాక్ చూశారో లేదో.
ఎర్ర కంబళి మీద నల్ల కంబళి పరిచి
ఒకే కత్తితో రెండిటినీ కోస్తారు.
ఎర్రదాని కొమ్ము నల్లదాని గుంటలోకి,
నల్లదాని కొమ్ము ఎర్రదాని గుంటలోకి.
ఒక తివాచీకని కూర్చుంటే
ఎప్పుడూ రెండు లేస్తాయి.

"దీన్నీ అలాగే కోశారు" అంటుంది,
ఎవరో చెప్పదు.
గుచ్చి గుచ్చి అడిగితే,
"కత్తి పట్టినవాళ్ళు కుట్టడానికి కూర్చోరు"
అని దారం పంటితో తెంపుతుంది.

ఎడమకి వడికిన పోగొకటి, కుడికి వడికిన పోగొకటి.
విడిగా వదిలితే మెలికపడి చుట్టుకుపోతాయి,
జంటగా వేస్తే ఒకదాని పొగరు ఒకటి అణిచి
చదునుగా పడుకుంటాయి.
ఏటేటా మంచు కరగ్గానే
తెగినంత మేరా ఆమె మళ్ళీ కుడుతుంది.

ఈసారి దగ్గరుండి చూశాను.
సూది గుచ్చింది. సూది గాల్లోకి పోయింది,
దారం సరసరా దాని వెంటపడింది.
ఆమె చెయ్యి ఒళ్ళో పెట్టుకుని
పాలు పొంగేదాకా పొయ్యి దగ్గర కూర్చునేవాళ్ళలా కూర్చుంది.
గోధుమ గింజంత ఎడంగా
వెనక్కి వచ్చింది సూది.
ముట్టుకున్నాను. వెచ్చగా ఉంది.

"అటు ఎవరు?"

"నా ముసలాడు.
ఇటువాణ్ణి నేను పాతిపెట్టాను, అదిగో ఆ దిబ్బ.
అటుదాన్ని ఆయన పాతిపెట్టాడు.
మాటల్లేవు. ఏం మాట్లాడతాం?
కాపురం చేసిన రోజుల్లోనూ ఆయనది వంకర కుట్టే.
ఇదిగో చూడు, ఈ వంకరంతా ఆయన నిర్వాకమే."
తిట్టింది.
తిడుతూనే ఆ వంకరని బొటనవేలితో నిమిరింది.

నాలుగోసారి పోయిన సూది రాలేదు.
బండల నీడలు బారెడు, తర్వాత బారెన్నర.
గుర్రం విసుగెత్తి సకిలించింది.
ఆమె ఒళ్ళోంచి చెయ్యి తియ్యలేదు.
ఊరికే ఉండలేక అడిగాను,
కుట్టు విడిపోతే ఏమవుతుందని.
"ఏమీ కాదు. రెండువైపులా చలి."

చీకటి పడ్డాక వచ్చింది.
ఎన్నడూ రాని చోట, రెండు గింజల అవతల,
మరీ తిన్నగా, మరీ బిగువుగా,
బెదురుతున్న కొత్తచేతి కుట్టు.

లాంతరు దగ్గరికి లాక్కుని చాలాసేపు చూసింది.
"మనవరాలై ఉంటుంది" అంది.
"మాకు ఇటు పిల్లలు కలగలేదు."

ఇంకేం అనలేదు. దారం తడిపి
తర్వాతి కుట్టు వేసింది, వంకరగా,
అచ్చం ఆయన వేసినట్టే.

గొర్రెల గడిలో రెండు వందల పన్నెండు రాశాను.
'కాపరి ఇంట్లో ఎంతమంది' అన్న గడిలో
నిరుడు నా చేత్తోనే 'ఒకరు' అని రాసి ఉంది.
పెన్సిలు దాని మీద పెట్టి, తీసేసి,
పుస్తకం మూశాను.
పై అధికారి అడుగుతాడు.
కళ్ళద్దాలు మార్చుకున్నానని చెబుతాను.