తర్జుమా కూలి

గడ్చిరోలి కోర్టు ఎదురుంగ జిరాక్సు దుకాణం నాది.
పుట్టింది అంకీసల, చదివింది మరాఠీల.
తెలుగు సాక్షి వచ్చిననాడు
బంట్రోతు రోడ్డు దాటి వచ్చి పిలుస్తడు.
మిషను బందు పెట్టి, చేతుల నల్లపొడి తుడుచుకొని
ప్రమాణం చేస్త:
ఉన్నది ఉన్నట్టు చెప్త.
రోజుకు మూడు వందలు.

ఆమె పేరు నేను చెప్పను.
ఆ కాగితాల్ల గూడ ఆమెకు పేరు లేదు,
పీడిత అని ఉన్నది.
మొదట్ల అది ఎవలదో ఇంటిపేరు అనుకున్నదట.

సిరోంచ కాడికెల్లి రాత్రి బస్సు.
ఆలాపల్లి అడవిల ఇంజను ఆగితే రెండు గంటలు ఆడనే.
పొద్దుగాల వచ్చి మెట్ల మీద కూసునేది.
జడ్జికి సెలవు. వకీలు బామ్మర్ది పెండ్లి.
ఓసారి ఫైలే దొరకలే.
నాలుగు ఎండకాలాలు, పదిహేడు వాయిదాలు
తునికాకు కట్టల లెక్కనే
వేళ్ల కణుపుల మీద లెక్కవెట్టింది.

మధ్యల కులపెద్దలు ప్రాణహిత ఒడ్డుకు పిలిచిన్రట.
యాభై వేలు, ఓ పాడిబర్రె, కేసు వాపసు.
ఆ బర్రెను ఎవలు పిండాలె? అని అడిగి లేచి వచ్చిందట.
మేనమామ బోనెక్కి నాకేం తెల్వదన్నడు.
దిగినంక మెట్ల కాడ బీడి ముట్టిచ్చిండు.
ఆ బీడి ఆకు ఎవలు తెంపిందో.

పద్దెనిమిదోనాడు తలుపులు మూసిన్రు.
మధ్యల పచ్చ తెర.
చెప్పమ్మా, ఏం జరిగింది?

కల్లం కాడ కట్టలు అప్పజెప్పబోయిన.
కట్టకు డెబ్బై ఆకులు. నాయి తక్కువున్నయన్నడు.
లోపలికొచ్చి లెక్క జూసుకో అన్నడు.
నా మీద పడ్డడు.

అంతే అన్నది.
మనకు అది చాలు.
మా దిక్కు ఏ తల్లి ఆ మాట విన్నా
ఇంకోటి అడగదు.

నేను మరాఠీల అన్న: అంగావర్ పడ్లా.
ఒంటి మీద పడ్డడు. కొమ్మ పడ్డట్టు, గోడ పడ్డట్టు.
అసలు మాట తెల్వక కాదు.
జడ్జి మేడం ముంగట, టైపు కొట్టే చిన్నపిల్ల ముంగట
నోరు రాలే.
ఆ సిగ్గు ఆమెది కాదు, నాది.

మున్షీ తరఫు వకీలు లేచిండు: పాయ్ ఘసరూన్ కా?
నేను ఆమె దిక్కు తిరిగి అడిగిన:
కాలు జారా?

ఆమె నన్నే చూసింది.
మన భాషల మొగోని కాలు జారితే బురదల పడ్తడు,
ఆడామె కాలు జారితే ఊరి నోట్ల పడ్తది.
నా కాలు జారలే సారూ, అన్నది గట్టిగ.
టైపయింది:
సాక్షి కాలు జారలేదు.

ఆ గదిల రెండు భాషలు తెలిసినోళ్లం ఇద్దరమే,
నేనూ, బోనుల నిలవడ్డ మున్షీ.
ఆడు తల దించుకొని నవ్విండు.

మరుసటి వాయిదాకు నేనే చేతులు జోడించిన.
మేడం, తప్పు చెప్పిన. ఆ మాటకు అర్థం ఇది.
ఈసారి అసలు మాట అన్న.
టైపు పిల్ల వేళ్లు ఆగలే, తల ఎత్తలే.
దుబాసీకి ఎవరో నేర్పిన్రన్నడు వకీలు.

తీర్పు ముప్పై ఒక్క పేజీ.
నా మిషన్లనే కాపీలు తీసిన.
వేడివేడిగ బయటికొచ్చింది ఇరవై ఆరో పేజీ:
సాక్షి మాటలల్ల తేడా.
తేడా నాది,
కింద వేలిముద్ర ఆమెది.

మెట్ల మీద విడమర్చి చెప్పిన.
అనుమానం ఉన్నదట. ఆ అనుమానం లాభం
ముద్దాయికి ఇచ్చిన్రు.

లాభమా? అన్నది.
కొంగుముడి విప్పి బస్సు పైసలు చూసుకుంట అన్నది:
ఆనాడు గూడ డెబ్బై ఆకులకు
అరవై అయిదే రాసుకున్నడు సారూ.
గీ లాభం గూడ ఆనికేనా?

నాగపూరుకు అప్పీలు పోతున్నది.
నా తప్పు నేనే రాసి, సంతకం పెట్టి
ఆ కాగితాల మీద కుట్టిచ్చిన.
కాపీల పైసలు తీసుకోలే.

రెండు రోజుల కూలి మాత్రం కోర్టోళ్లు పంపిన్రు.
ఆరు వందలు.
గల్లపెట్టెల ఓ మూలకు పెట్టిన,
చిల్లర దానికి తాకనియ్య.