దుప్పట్ల లెక్క

టీవీలో ఎవరో చెబుతున్నారు,
పోయినేటికంటే ఈయేడు యాత్రికులు
ఎంత శాతం పెరిగారో.
శాతాలు నాకు తెలియవు.
మొన్న నూట నలభై దుప్పట్లు,
ఇవాళ రెండొందల పది.
నా నడుం ముందే చెప్పింది.

గవర్నర్‌పేటలో మూడు లాడ్జీలు, గాంధీనగర్‌లో రెండు,
బందరు రోడ్డులో కొత్తగా లేచిన అద్దాల హోటలు ఒకటి.
ఆ అద్దాలకి మేం తువ్వాళ్ల వరకే సరిపోతాం,
పక్కబట్టలు ఎక్కడికో మిషన్లకి పోతాయి.

ఒక్కో లాడ్జీకి ఒక్కో గుర్తు, మూలన ఎర్రదారంతో.
రంగబాబు గారిది మూడు చుక్కలు.
స్టేషనెదుటి దానికి చేప.
ఆ చేపని మొదట కుట్టింది మా అత్త చంద్రమ్మ.
లాడ్జీ పేరు రెండుసార్లు మారింది, ఓనరు మారాడు,
చేప ఇంకా ఈదుతూనే ఉంది.

మనుషుల్ని నేను చూడను,
వాళ్లు వదిలెళ్లిన మరకల్ని చూస్తాను.
దసరాకి కుంకుమ.
ఆ తర్వాత భవానీల ఎరుపు, రెండు బానలకీ లొంగదు,
మూడోదానికి గులాబీ రంగై మిగిలి
మేనేజరుతో నాకు చీవాట్లు పెట్టిస్తుంది.
శనాదివారాల్లో పులిహోర నూనె, పిల్లల ఐస్‌క్రీము:
ద్వీపానికి పడవెక్కడానికొచ్చిన హైదరాబాదోళ్లు.
అమరావతి స్తూపం చూడ్డానికి
ఏదో చలిదేశం నుంచి వచ్చినామె
దుప్పటిని నాలుగు మడతలు పెట్టి వెళ్లింది.
ఉతకాలా, వద్దా అని ఒక్క క్షణం ఆగాను.
ఉతికాను.
ముక్కకి ఏడు రూపాయలు, మడతకి తగ్గింపు లేదు.

ఒకసారి దిండు గలీబులో వంద నోటు.
మనదేలే అన్నాడు మా ఆయన.
కాదు, రూంబాయ్ యోహానుకి వదిలెళ్లింది.
ఇస్తే, ఇరవై నా చేతిలో పెట్టాడు.
ఇరవైకి మస్తాన్ కొట్లో సోడా, సబ్బు.
ఆ ఆదివారం మస్తాన్ కొట్టు మూసేసి
పిల్లల్ని ఉండవల్లి గుహలకి తీసుకెళ్లాడు.
నా ఇరవై అందులో ఉందో లేదో ఎవడు చూడొచ్చాడు,
ఉందనే అనుకుంటాను.

రోగం వచ్చిన ఏడు
తీగల మీద కాకులు తప్ప ఏమీ ఆరలేదు.
బుడమేరు పొంగిన వారం లాడ్జీలన్నీ నిండాయి,
యాత్రికులతో కాదు, సింగ్‌నగర్ వాళ్లతో.
బానలో నీళ్లు మా వీధి రంగుకి తిరిగాయి.
ఆ వారం నేను డబ్బులు అడగలేదు.
రంగబాబు గారూ ఇవ్వలేదు.

ఇప్పుడు కాలవగట్టుకి రంగులేస్తున్నారు.
బెంచీలు, దీపాలు, ఫొటోలకి పెద్ద పెద్ద అక్షరాలు.
బట్టలు ఆరేస్తే అందం పోతుందట.
ఊళ్లో రేవంటే ఇక పడవలదే,
మా రేవు మేడమీద నీళ్లట్యాంకు పక్కకి ఎక్కింది.
వచ్చేవాళ్లు పెరగాలనే మేమూ మొక్కేది,
మమ్మల్ని దాచేసినా వాళ్ల దుప్పట్లు
మమ్మల్ని వెతుక్కుంటూ మెట్లెక్కి వస్తాయి.

పోయిన మంగళవారం ఒక కుర్రాడొచ్చాడు,
మెడలో కార్డు, చేతిలో కాగితాలు.
పర్యాటకం మీద ఎంతమంది బతుకుతున్నారో రాస్తున్నాడట.
గైడ్లకి గడి ఉంది, పడవలకి ఉంది,
హోటళ్లకి, ఆటోలకి, బొమ్మల కొట్లకి ఉంది.
"మీరు దేంట్లోకి వస్తారమ్మా?"
రెండొందల పది, అన్నాను.
నవ్వి, మంచినీళ్లు తాగి,
ఏమీ రాయకుండానే దిగిపోయాడు.

మర్నాడు పొద్దున మూట విప్పితే
చేప గుర్తు దుప్పటి మీద
అరచేయంత నీలం ఇంకు.
పెన్ను మూత పెట్టకుండా నిద్రపోయాడు పాపం,
మా లెక్క రాస్తూ.

నిమ్మచెక్క తెచ్చి రుద్దడం మొదలుపెట్టాను.
రెండొందల పదకొండు.